రంగస్థలముపై రాజరాజు

కోనసీమలో ఐ.పోలవరము గౌతమీ పాయల నడుమ కొబ్బరితోటలతో, వరిచేలతో నిండిన గ్రామము. చేరువనే మురమళ్ల వీరేశ్వరస్వామి ఆలయము, ఏటికావల యానాము. గోదావరి సీమలోని ఇట్టి గ్రామములలో తీర్థములకును, కల్యాణములకును, పండుగ దినములకును నాటకము ఆడించుట తాతలనాటి అలవాటు. పందిట పెట్రోమాక్సు దీపములు వ్రేలాడదీసి, ముందు చాపలు పరచి, హార్మోనియము శ్రుతి వినిపించి, తెర లేచుసరికే రాత్రి చాల ప్రొద్దుపోయెడిది. తెర దిగుసరికి తూర్పు తెల్లవారెడిది. అట్టి రాత్రులలో తెలుగుదేశ మంతట ప్రేక్షకులచేత కంటనీరు పెట్టించిన నాటకములలో 'సారంగధర' ఒకటి.

ఆ కథ మన గోదావరి ఒడ్డున జరిగినట్లు చెప్పుకొనునదే. అందలి రాజు రాజమహేంద్రవరము నేలిన రాజరాజనరేంద్రుడు. ఆయన పేరు వినగానే తెలుగువారికి రెండు సంగతులు జ్ఞప్తికి వచ్చును. మొదటిది, నన్నయభట్టారకునిచేత మహాభారతమును తెనిగింపజేసిన పుణ్యము. రెండవది, కన్నకొడుకు కాలుసేతులు నరికించిన పాపము. మొదటిది చరిత్ర, రెండవది నాటకము. ఒక్క మనుజునకు ఈ రెండును ఎట్లు అంటుకొనెను? నాటకములోని రాజు చేసిన తప్పు నిజమున కేది? ఈ రెండు ప్రశ్నలను కొంచెము విచారింతము.

ముందు కథ. రాజరాజునకు రత్నాంగియందు జన్మించినవాడు సారంగధరుడు. రూపవంతుడు, వినయశీలి. యుక్తవయస్కుడైన కుమారునకు సంబంధము చూచుటకై కన్యల చిత్రపటములు తెప్పించిరి. వానిలో చిత్రాంగి యను రాచకన్నె పటము రాజు కంటబడెను. పటమును చూచిన క్షణమున ఆయన తండ్రి యను మాట మరచెను. ఆ కన్యను కుమారునకు చేయక, కపటముచే తానే పెండ్లాడెను. వివరములు నాటకమునకును నాటకమునకును కొంత మారును గాని, కథకు బీజ మిదియే.

పిమ్మట ఒకనాడు రాజు వేటకు పోయెను. సారంగధరుడు పావురములతో ఆడుకొనుచుండగా, ఆయన పావురము పోయి చిత్రాంగి మేడపై వ్రాలెను. మంత్రికుమారుడైన సుబుద్ధి వలదని వారించినను వినక, రాకుమారుడు పావురమునకై ఆ మేడ కేగెను. తనకు భర్త కావలసిన వానిని ఎదుట చూచిన చిత్రాంగి తన మనసు చెప్పెను. ఆయన తల్లివంటిదాన వని నమస్కరించి వెనుదిరిగెను. అవమానముచే మండిపడిన ఆమె, వేటనుండి వచ్చిన రాజుతో, నీ కొడుకు నన్ను బలాత్కరింపబోయెనని చెప్పెను. రాజు విచారింపలేదు. కొడుకును అడవికి కొనిపోయి కాలుసేతులు నరుకుడని ఆజ్ఞాపించెను. ఆజ్ఞ నెరవేరిన పిమ్మట నిజము బయటపడెను. అప్పటికి నిజముతో చేయదగిన పని యేదియు మిగులలేదు.

ఈ కథ చూచి యింటికి మరలువారిలో పెక్కురు దారి పొడుగున చిత్రాంగిని తిట్టుదురు. సవతితల్లి దుర్బుద్ధియే సర్వానర్థమునకు మూలమని తీర్మానించుకొందురు. అట్లు తిట్టుట సులభము. దానివలన మన మనసు తేలికపడును. కాని కథను మరల మొదటినుండి తలచి చూడుడు. చిత్రాంగి నోరు తెరచుటకు ముందే ఆ మేడలో అన్యాయము జరిగియున్నది. కొడుకునకు చూచిన పిల్లను తండ్రి చేసికొన్ననాడు ఆ సభలో మంత్రి లేడా? పురోహితుడు లేడా? పెండ్లిమంత్రములు చదివిన నోటికి, ఇది ధర్మము కాదని చెప్పుటకు మాట రాలేదా? రాలేదు. ఏలయన రాజు కోరెను. రాజు తలచుకొన్న దెబ్బలకు కొదువయా యని మనవా రూరక అనలేదు.

ఆనాడు ఎవరును కాదనకపోవుటచేత రాజునకు ఒక పాఠము అబ్బెను. తన కోరికయే న్యాయమని, తన కన్ను చూచినదే నిజమని, తన చెవి విన్నదే సాక్ష్యమని ఆయన నేర్చుకొనెను. మొదటి తప్పునకు అడ్డులేకపోయినప్పుడు రెండవ తప్పునకు అడ్డెక్కడిది? కామముచే కొడుకు పెండ్లిని అపహరించిన చేయియే కోపముచే కొడుకు చేతులను అపహరించెను. నడుమ నున్నది అదే సింహాసనము. కథలోని దుష్టపాత్ర ఆ సింహాసనమే కాని, దానిపై ఎక్కినవారిలో ఒకరును దించబడినవారిలో ఒకరును మాత్రమే కాదు. చిత్రాంగియు ఆ సింహాసనము నలిపిన ప్రాణియే. ఆమె నేరము నేరమే. కాని ఆమె అబద్ధమునకు ఖడ్గపు పదును నిచ్చినది రాజు అధికారము.

1887లో ఆక్టన్ ప్రభువను ఆంగ్ల చరిత్రకారుడు క్రైటన్ అను మతాచార్యునకు వ్రాసిన లేఖలో, అధికారము మనుష్యుని చెరుపునదనియు, నిరంకుశమైన అధికారము నిశ్శేషముగ చెరుపుననియు అర్థము వచ్చు మాట చెప్పెను. లోకమంతట అది సామెతవలె వాడుకలోనికి వచ్చెను. మన పల్లెలలో ఆ లేఖ పేరు వినని రైతుకూడ సారంగధర నాటకమును చూచి ఆ సంగతిని గ్రహించియే యుండును.

ఇక చరిత్రలోని రాజరాజును చూతము. ఈయన తూర్పు చాళుక్య వంశజుడు. తండ్రి విమలాదిత్యుడు. తల్లి కుందవ, తంజావూరి బృహదీశ్వరాలయమును నిర్మించిన రాజరాజచోళుని కుమార్తె. 1022లో పట్టాభిషిక్తుడై 1061 వరకు, నడుమ నడుమ ఆటంకములతో, వేంగి నేలెను. భార్య అమ్మంగదేవి రాజేంద్రచోళుని కుమార్తె. నాటకములోని రాజువలె ఈయనకు అడ్డులేని అధికార ముండెనా యన్నచో, ఆయన బ్రతుకంతయు అడ్డంకులతోడనే గడచెను. సవతితమ్ముడైన విజయాదిత్యుడు సింహాసనమును ఆక్రమించి కొంతకాలము ఏలెను. పడమటినుండి కల్యాణి చాళుక్యుల సేనలు వచ్చిపడెను. దక్షిణమునుండి చోళుల సేన తోడునకు రావలసివచ్చెను. కలిదిండి యుద్ధమున తన పక్షమున పోరాడి మడిసిన ముగ్గురు చోళ సేనానుల జ్ఞాపకార్థము రాజరాజు అచ్చట శివాలయములు కట్టించినట్లు కలిదిండి శాసనము చెప్పుచున్నది. పరుల సాయమున గాని నిలువలేని సింహాసన మది. నిరంకుశుడగుటకు ఆయనకు తీరికయే లేదు.

ఆ సింహాసనపు కథ కోనసీమ మట్టిలోనే కొంత దాగియుండెను. విజయాదిత్యుని రాగిరేకులు ర్యాలిలో దొరకెను. ర్యాలి యనగా జగన్మోహినీ కేశవస్వామి వెలసిన మన ఊరే. రాజరాజు గతించిన పిమ్మట విజయాదిత్యుడు తన కుమారుడైన శక్తివర్మను సింహాసన మెక్కించెను. ఆ పిల్లవాడు ఏడాదికే మరణించెను. పుత్రశోకమున క్రుంగిన తండ్రి తిరిగి తానే రాజ్యభారము వహింపవలసివచ్చెను. సింహాసనముకొరకు కొడుకును కోల్పోయిన తండ్రి కథ ఆ వంశమున నిజముగ కలదు గాని, ఆ తండ్రి రాజరాజు కాడు.

మరి రాజరాజు కొడు కేమాయెను? అమ్మంగదేవియందు జన్మించిన రాజేంద్రుడు 1070లో చోళ సింహాసనమును అధిష్ఠించి, కులోత్తుంగచోళు డను పేర అర్ధశతాబ్దమునకు దగ్గరగ గోదావరినుండి కావేరివరకు గల భూమి నేలెను. కాలుసేతులు పోగొట్టుకొన్న కొడుకు కాదు, రెండు రాజ్యముల నొక్కచేత పట్టిన కొడుకు. తూర్పు చాళుక్యుల శాసనములలో సారంగధరుని పేరు గాని, రత్నాంగి, చిత్రాంగుల పేరులు గాని కానరావు.

రాజరాజు కాలపు శాసనములలో మిక్కిలి ప్రసిద్ధమైనది నందంపూడి శాసనము. నందంపూడి కోనసీమలోని గ్రామమే. 1053లో, తన ఏలుబడి ముప్పదిరెండవ యేట, రాజరాజు ఆ గ్రామమును నారాయణభట్టు అను పండితునకు దాన మిచ్చెను. నన్నయకు భారతరచనలో తోడ్పడిన నారాయణభట్టు ఇతడే. ఆ శాసనమును రచించినవాడు నన్నయయే. గౌతమీ వసిష్ఠల నడిమి ఈ సీమను ఆ శాసనము రెండేరుల నడిమి విషయమని పిలుచుచున్నది. కోనసీమ యను పేరుకంటె ఆ పేరే మన నేలను కన్నులకు కట్టినట్లు చూపుచున్నది కాదా?

అట్టి దానశాసనములలో ఒక పద్ధతి కలదు. రాజు గ్రామమును ఇచ్చునపుడు ఆ సీమలోని రాష్ట్రకూటులను, కుటుంబులను, అనగా పెద్దలను రైతులను పిలిపించును. మంత్రి, పురోహితుడు, సేనాపతి, యువరాజు, దౌవారికుడు మున్నగువారి సమక్షమున తన ఆజ్ఞను తెలియజేయును. నలుదిక్కుల పొలిమేరలు పేర్కొనును. ఆజ్ఞను నెరవేర్చువా డెవరో, శాసనమును కూర్చిన కవి యెవరో, చెక్కినవా డెవరో వ్రాయించును. ఒక్క గ్రామమును దాన మిచ్చుటకు ఇంతమంది సాక్షులు, ఇంత విచారణ. ఇప్పుడు నాటకములోని ఆజ్ఞను తలచుకొనుడు. కన్నకొడుకు కాలుసేతులు తీయుమనునపుడు మంత్రి సమక్షము లేదు, పురోహితుని మాట లేదు. దానశాసనమున సాక్షిగా నిలువవలసిన యువరాజే ఇచ్చట శిక్షకు పాత్రుడైనాడు. ఆయన మాట వినుటకైన అవకాశము లేదు. రెండును రాజాజ్ఞలే. ఒకటి పదిమంది యెదుట పుట్టెను; రెండవది ఒంటరిగ, గదిలో, కోపమున పుట్టెను. మంచి రాజునకును చెడ్డరాజునకును నడుమ నున్న భేదము మనసులో మాత్రమే కాదు, ఆజ్ఞ పుట్టిన చోటున కూడ కలదు.

రాజరాజు తెనిగింపజేసిన భారతమే ఈ సంగతికి సాక్ష్యము. నన్నయ ఆదిపర్వమును, సభాపర్వమును ముగించి, ఆరణ్యపర్వమున కొంతభాగము రచించెను. ఆ సభాపర్వమునందే ద్రౌపది నిండుసభలో ధర్మప్రశ్న వేయును. భీష్మద్రోణాదులవంటి పెద్దలు నోరు మెదపలేకపోవుదురు. పుత్రమోహముచే గ్రుడ్డియైన రాజు సింహాసనమున నుండును. విదురుడును, పిన్నవాడైన వికర్ణుడును మాత్రమే ఇది అధర్మమని పలుకుదురు. అట్టి గ్రంథమును తన ప్రజల భాషలోనికి తెమ్మని కోరిన రాజు, సభ మౌనముచే కలుగు కీడును ఎరుగనివాడని ఎట్లనుకొందుము? అట్టివాని పేరే ఆ మౌనమునకు గురుతుగ నాటకమున కెక్కుట విధివైపరీత్యము.

ఈ వైపరీత్యము కలిగిన తీరును సాహిత్యచరిత్ర కొంతవరకు తెలుపుచున్నది. 15వ శతాబ్దమున గౌరన మంత్రి రచించిన 'నవనాథ చరిత్ర'లో సారంగధరుని కథ కలదు. అందు సారంగధరుని తండ్రి మాళవదేశపు రాజు, పేరు రాజమహేంద్రుడు. కాలుసేతులు పోయిన రాకుమారుడు మీననాథుని కృపచే అవయవములను తిరిగి పొంది, చౌరంగి యను పేర సిద్ధుడైనట్లు ఆ కథ ముగియును. ఇది నాథసంప్రదాయపు కథ. పంజాబునందు సియాల్‌కోట రాకుమారుడైన పూరన్ భగతు కథయు ఇట్టిదే. సవతితల్లి లూణ నిందచే కాలుసేతులు నరికించుకొని బావిలో పడిన అతనిని గోరఖనాథుడు కాపాడెనని అచ్చటివారు పాడుకొందురు. యోగులు దేశసంచారము చేయుచు ఈ కథను ఊరూర విడిచిపోయిరి కాబోలు. మాళవరాజు పేరును మన రాజమహేంద్రవరపు పేరును ఒక్కతీరున నుండుటచే కథ గోదావరి యొడ్డున వేరూనెనని పండితుల ఊహ.

17వ శతాబ్దమున తంజావూరి రఘునాథనాయకుని ఆస్థానకవియైన చేమకూర వేంకటకవి 'సారంగధర చరిత్ర'ను కావ్యముగ రచించెను. ఆ శతాబ్దముననే అప్పకవి తన లక్షణగ్రంథమున, నన్నయ వ్యాకరణమును కంఠస్థము చేసి లోకమున నిలిపినవాడు రాజనరేంద్రుని కుమారుడైన సారంగధరుడని వ్రాసెను. ఇట్లు కథకు పండితుల ముద్రయు పడెను. పిమ్మట నేలయే సాక్ష్యమిచ్చుట కారంభించెను. రాజమహేంద్రవరమున సారంగధరుని మెట్ట యని ఒక గుట్టను చూపుదురు. దానిపై సారంగధరేశ్వరాలయము కలదు. మెట్టయు గుడియు కంటికెదుట నున్నప్పుడు కథ అబద్ధమని ఎవరు నమ్ముదురు?

ఈ కథకు నేటి రూపమిచ్చి రంగస్థలమున నిలిపినవాడు బళ్ళారి వాస్తవ్యుడైన ధర్మవరము రామకృష్ణమాచార్యులు. ఆంధ్రనాటక పితామహుడని ఆయనను గౌరవింతుము. 1853లో జన్మించి 1912లో గతించెను. వృత్తిచే న్యాయవాది. బళ్ళారిలో సరసవినోదిని యను నాటకసభను స్థాపించి, 1887లో 'చిత్రనళీయము'ను ప్రదర్శింపజేసెను. ఆక్టన్ లేఖ వ్రాసిన సంవత్సరమును అదే యగుట ముచ్చటైన యాదృచ్ఛికము. పిమ్మట ఆయన 'విషాద సారంగధర' రచించెను. మన లాక్షణికులు నాటకము మంగళముతో ముగియవలెనని విధించిరి. ఆచార్యులవారు ఆ విధిని దాటి, నాటకమును శోకమునందే ముగించిరి. తెలుగున మొదటి విషాదాంత నాటకమని దీనికి పేరు.

ఈ మార్పు చిన్నది కాదు. సిద్ధుడు వచ్చి అవయవములు మరల అతికించినచో ప్రేక్షకుడు తేలికపడి లేచిపోవును. రాజు తప్పు కూడ అతుకుకొనిపోవును. సిద్ధుడు రానిచో తప్పు తప్పుగనే మిగులును. తెగినచేయి తెగినదే. అధికారము చేసిన కీడును అద్భుతము వచ్చి సవరింపదని చెప్పుటకు నాటకకర్తకు ధైర్యము కావలసియుండెను. న్యాయస్థానములలో తీర్పులు వినిన న్యాయవాదికి ఆ ధైర్యము కలిగినదనుటలో వింతలేదు. సాక్షిని విచారింపని తీర్పు ఎట్టిదో ఆయనకు బాగుగ తెలియును.

1891లో సరసవినోదిని వారు చెన్నపట్టణమున నాటకము లాడగా చూచి ఉత్తేజితుడైన పమ్మల్ సంబంధ మొదలియారు అదే సంవత్సరమున సుగుణవిలాస సభను స్థాపించెను. తమిళ నాటకరంగమున అది నూతనాధ్యాయము. మొదలియారు సారంగధరుని కథను తమిళమున నాటకముగ రచించెను. ఇంకను ముందు, 1883లో, యువకుడైన గురజాడ అప్పారావు ఆంగ్లమున 'సారంగధర' కావ్యము వ్రాసి, కలకత్తా పత్రికాధిపతి శంభుచంద్ర ముఖర్జీ మెప్పు పొందెను. ఇట్లు రాజరాజు పేరునకు అంటిన కథ ఒక్క తరములో మూడుభాషలు పలికెను.

ధర్మవరమువారి మేనల్లుడు బళ్ళారి రాఘవ తెలుగు నటులలో అగ్రగణ్యుడు. తెనాలి స్థానం నరసింహారావు స్త్రీపాత్రలకు ప్రసిద్ధికెక్కి, చిత్రాంగి వేషమున కూడ మెప్పు పొందెను. పురుషుడు వేసిన చిత్రాంగిని చూచి స్త్రీలు కన్నీరు పెట్టిరనుట ఆనాటి రంగస్థలపు మహిమ. 1957 నాటి తెలుగు చలనచిత్రమున నందమూరి తారకరామారావు సారంగధరుడు, భానుమతి చిత్రాంగి, రంగారావు రాజరాజు.

ఇతర దేశములవారును ఈ కథను ఎరుగుదురు. అశోకచక్రవర్తి కుమారుడు కుణాలుని కథ బౌద్ధుల 'దివ్యావదానము'న కలదు. రోగము కుదిర్చిన తిష్యరక్షితకు అశోకుడు వరముగ ఏడుదినములు రాజ్యాధికార మిచ్చెను. తన ప్రేమను నిరాకరించిన కుణాలుని కన్నులు పెరికింపుమని ఆమె రాజముద్రతో తక్షశిలకు లేఖ పంపెను. తక్షశిల ప్రజలు వెనుకాడిరి. ముద్రకు భయపడి చివరకు లొంగిరి. పగ ఆమెదే, కాని ముద్ర చక్రవర్తిది. ఎరువిచ్చిన అధికార మనగా ఇట్టిది. గ్రీకుదేశమున యూరిపిడీసు నాటకములో థీసియసు అను రాజు, సవతితల్లి మోపిన నిందను నమ్మి కొడుకు హిప్పోలిటసును శపించును. సముద్రదేవత శాపమును నెరవేర్చును. పిమ్మట ఆర్టెమిసు దేవి ప్రత్యక్షమై రాజును మందలించును. తప్పు కోపించుట మాత్రమే కాదని, సాక్ష్యమునకై, కాలమునకై ఆగకపోవుటయే అసలు తప్పని ఆమె మాటల సారము. క్రీస్తుపూర్వము 428లో ఏథెన్సున ఆడిన ఆ నాటకమును, మన పందిళ్లలో ఆడిన నాటకమును ఒక్కమాటయే పలికినవి.

నేడు ఈ నాటకము వినుటకు రాత్రియంత చాపపై కూర్చుండ నక్కరలేదు. 1948లో విజయవాడ రేడియో కేంద్రము వెలసిన పిమ్మట తెలుగు నాటకము గదిలోనికి వచ్చెను. 1977లో హైదరాబాదు దూరదర్శన్ కేంద్రము ప్రారంభమైన పిమ్మట రంగస్థలమే గోడ ప్రక్కకు వచ్చెను. ఒక్కొక్క సాధనము రాజు నొక్కొక్క విధముగ చూపును. పందిట రాజు దూరమున నుండి కిరీటముతో, గదతో మెరయును. మనము ఆయన దొరతనమును చూతుము. రేడియోలో కిరీట ముండదు. కంఠ మొక్కటే యుండును. నరుకుడు అను ఒక్క మాట చీకటిలో వినిపించును. ఆజ్ఞ యనునది నిజమునకు ఒక కంఠధ్వనియే గదా. దానికి కత్తి నిచ్చునది విన్నవారి విధేయత. దూరదర్శనమున రాజు ముఖము మన ముఖమునకు మూరెడు దూరమున నుండును. కోపము వచ్చుచున్నపుడు ఆ కన్నులు ఎట్లు మారునో చూతుము. అప్పుడు ఆ ముఖము మనకు బొత్తిగ కొత్తది కాదని తోచి కొంచెము ఉలికిపడుదుము. ఇంటిలో పిల్లవాని మాట వినక చేయెత్తిన తండ్రియు, కచేరిలో అర్జీ చదువక త్రోసివేసిన అధికారియు ఒక్క క్షణము రాజరాజు వేషము వేసినవారే.

చివర కొక ప్రశ్న మిగులును. చరిత్రలో నిర్దోషియైన రాజు పేర ఇంత నింద మోపుట న్యాయమా? కాదు. నన్నయను ఆదరించినవానికి, నందంపూడి దానమిచ్చినవానికి ఆ నింద తగదు. మన పిల్లలకు నాటకమును చూపునపుడు, ఈ పాపము ఆయన చేసినది కాదని ఒక్కమాట చెప్పుట మన విధి. విచారణ లేక శిక్షింపరాదని బోధించు నాటకమును చూచి, విచారణ లేకయే ఒక రాజును శిక్షించుట మనకు తగునా?

అయినను నాటకమును మాన నక్కరలేదు. రాగిరేకులలో రాజు తన పుణ్యమునే వ్రాయించుకొనును. తన తప్పును తానే చెక్కించిన రాజు అరుదు. రాజుల తప్పులను వ్రాయుటకు రేకు దొరకని ప్రజలు, వానిని కథలలో దాచుకొనిరి. ఏ ఊరి ఏ దొర చేసిన అన్యాయమో, ఏ తండ్రి త్వరపడి కొట్టిన దెబ్బయో, అన్నియు కలిసి ఒక్క రాజు పేర కుప్పపడినవి. ఆ పేరు తప్పు కావచ్చును; ఆ కన్నీరు తప్పు కాదు.

మరల మన ఐ.పోలవరపు చేరువకు వత్తము. మురమళ్ల స్థలపురాణమును ఈ సీమలో ఎరుగనివా రుండరు. అహంకారియైన దక్షుని యజ్ఞమును ధ్వంసము చేసిన వీరభద్రుని కోపము, దక్షుడు శిక్షింపబడిన పిమ్మటకూడ చల్లారలేదట. లోకములు తల్లడిల్లగా జగన్మాత భద్రకాళియై వచ్చెను. మునులు కూడి వారికి వివాహము చేసిరి. అప్పటికి గాని ఆ కోపము శమింపలేదు. అందులకే అచ్చట స్వామికి నిత్యకల్యాణము. ఈ కథలో మన పెద్దల వివేకము కలదు. కోపము న్యాయమైనదే కావచ్చును, కోపించినవాడు దేవుడే కావచ్చును. అయినను ఆ కోపమునకు అడ్డు నిలువగల వా రొకరు, శాంతి చేయగల మును లొకకొందరు ఉండవలెను. దేవుని కోపమునకే అట్టివారు కావలసివచ్చినప్పుడు, మనుజుని కోపమునకు వేరే చెప్పవలెనా?

రాజమహేంద్రవరపు మెట్టమీద, కథలో, ఆనాడు లేనివారు వారే.